ఎలీషబా బొడ్డురొట్టెలు

ఎలీషబా నోరు తెరిస్తే ఆ వాడలో ఆడవాళ్ళు చేతిలో పని పక్కన పెట్టేసేవాళ్ళు. నమ్మి కాదు సుమా. ఆమె మాటల్లో వీసమెత్తు నిజం ఉందనుకున్నవాళ్ళు అక్కడ ఒక్కరూ లేరు. అయినా వినకుండా ఉండడం ఎవరి వల్లా అయ్యేది కాదు. గిద్దలూరు స్టేషనులో రైలింజను ఆగి, పైనుంచి వేలాడే పెద్ద గొట్టంతో కడుపునిండా నీళ్ళు తాగుతుందని చెప్పేది. నల్లమలలో ఎలుగుబంటి ఇప్పపూలు మేసి తూలుకుంటూ వస్తే తాను పక్కకు జరిగి దారి ఇచ్చానని చెప్పేది. మార్కాపురం బంగళాలో ఒక పెట్టె ఉందని, అందులో మనిషి లేకుండానే పాట వస్తుందని చెప్పేది. ఇనుము నీళ్ళు తాగడమేమిటి, పెట్టె పాడడమేమిటి అని వాడంతా నవ్వేది. చివరికి సొంత అత్త దీనమ్మే ఆమెకు కోతల ఎలీషబా అని పేరు పెట్టింది. ఆ పేరు అతుక్కుపోయింది.

చిత్రమేమిటంటే అవన్నీ నిజాలే. ఎలీషబా పుట్టిన ఊళ్ళో కలరా వచ్చి తల్లినీ నాయననూ ఒకే వారంలో తీసుకుపోతే, మార్కాపురంలో తెల్లదొరల బంగళా వాళ్ళు ఆ పిల్లను తెచ్చి పెంచారు. పెళ్ళి అయ్యేవరకూ ఆ బంగళా వంటింట్లో అంట్లు తోమి, పళ్ళేలు మోసి పెరిగింది. ఆ తర్వాత కొమరోలుకు కాస్త ఇవతల ఉన్న ఈ పల్లెకు, కూలి చేసుకునే దావీదుకు భార్యగా వచ్చింది. ఇక్కడ వాన పడితే జొన్న, సజ్జ. పడకపోతే ఆకాశం కేసి చూపులు. బంగళా గోడల మధ్య పెరిగిన పిల్ల కళ్ళలో ఉన్న లోకం వీళ్ళకు కోతల్లా వినిపించిందంటే వీళ్ళ తప్పేమీ లేదు.

అన్నింటికంటే ఎక్కువగా ఆమె చెప్పింది బొడ్డురొట్టె గురించి. ఏటా క్రిస్మస్‌కు బంగళా పెద్ద దొరసాని చేయించే రొట్టె అది. గోధుమపిండి కలిపి, అది రెండింతలు పొంగేదాకా ఆగి, గుండ్రటి బిళ్ళలు చేసి, ఒక్కో బిళ్ళ నడుమ బొటనవేలితో గుంట నొక్కి, ఆ గుంటలో ఉడికించిన పండ్ల గుజ్జు నింపి కాల్చేవాళ్ళు. దొరసాని దాన్ని తమ దేశపు పేరుతో పిలిచేది, అది ఎలీషబా నాలుకకు తిరిగేది కాదు. కాలిన రొట్టె నడుమ ఆ గుంట పసిబిడ్డ బొడ్డులా కనిపించేది గనుక ఆమె బొడ్డురొట్టె అనేసింది. దాని మెత్తదనం, దాని తీపిలోని పులుపు, నోట్లో అది కరిగే తీరు చెబుతుంటే వినేవాళ్ళు గుటకలు మింగేవాళ్ళు. మింగి, మళ్ళీ నవ్వేవాళ్ళు.

ఆమె ఆడిన అబద్ధం ఒకటే ఒకటి, అది ఇక్కడే ఉంది. బొడ్డురొట్టెను ఆమె ఎన్నడూ తినలేదు. పళ్ళెం మోసింది. నిండుగా తీసుకుపోయేది, ఖాళీగా తెచ్చేది. మధ్యలో వాసన మాత్రం తనివితీరా పీల్చేది. ఆ వాసన మీద రుచినంతా తానే అల్లుకుంది. చెప్పి చెప్పి కొన్నాళ్ళకు తిన్నట్టే అనిపించేది, అయినా పడుకున్నప్పుడు తినలేదన్న సంగతి గుర్తొచ్చి గుండె కలుక్కుమనేది.

ఆ ఏడు వానాకాలంలో దీనమ్మకు జ్వరం పట్టుకుంది. జ్వరం పోతూ పోతూ ఆమెకు మిగిలిన నాలుగు పళ్ళనూ వెంట తీసుకుపోయింది. సంకటి నమలలేదు, గంజి చూస్తే మొహం తిప్పుకునేది. ఒకరోజు పొద్దున వాకిట్లో నలుగురు ఆడవాళ్ళు కూర్చుని ఉండగా కోడల్ని పిలిచింది.

"ఏమే, ఆ బొడ్డురొట్టె అంటావే, అది నిజంగా మెత్తగుంటాదా?"

"దూదే అత్తా. పళ్ళు లేనోళ్ళకే చేసినట్టుంటాది."

"అట్లయితే ఈ క్రిస్మస్‌కు చేసి, గుడికాడ అందరి ముందర నాకు పెట్టు. నువ్వు చెప్పినట్టుంటే నీ మాటలన్నీ నమ్ముతా, రైలు నీళ్ళు తాగేది కూడా. చేయలేకపోతివా, ఇంక నేను చచ్చేదాకా ఈ ఇంట్లో బంగళా మాట ఎత్తగూడదు."

ఆడవాళ్ళు పమిటలు నోటికి అడ్డం పెట్టుకున్నారు. ఎలీషబాకు ఒళ్ళు మండింది. "నీకొక్కదానికేంది అత్తా, సంఘమంతటికీ పెడతా" అనేసింది. అన్నాక ఒళ్ళు చల్లబడింది. కానీ అన్నమాట అన్నదే. బంగళా మాట ఎత్తకుండా బతకడమంటే తన చిన్నతనాన్ని తానే మట్టిలో పూడ్చుకోవడం. అది ఆమె వల్ల అయ్యే పని కాదు.

దావీదు గిద్దలూరు సంత నుంచి గోధుమలు తెచ్చాడు. ఆమె తిరగలిలో విసిరి, పాత పంచెలో జల్లించి, తెల్లటి పిండి తీసింది. రేగుపండ్ల కాలం. గట్ల వెంట తిరిగి ఒడినిండా ఎర్రటి పండ్లు ఏరుకొచ్చి, ఉడికించి, గింజలు తీసి, బెల్లం వేసి మళ్ళీ దగ్గరికి ఉడికించింది. ఆ గుజ్జు గరిటె నుంచి జారుతుంటే ఆమెకే పాట వచ్చింది. ఇంతవరకూ అంతా బ్రహ్మాండం. పిండే పొంగలేదు. మజ్జిగ పోసింది, పొంగలేదు. వంటసోడా వేసింది, బుసబుసమని ఊరుకుంది. మొండిపట్టుతో కాల్చి తీస్తే దీనమ్మ ఒకదాన్ని వేలి కణుపుతో కొట్టి చూసింది.

"మార్కాపురం పలకల మాదిరి ఉండాయే. బడికి పంపిస్తే పిలకాయలు అక్షరాలు దిద్దుకుంటారు."

ఒకటి కుక్కకు వేస్తే అది వాసన చూసి, కాసేపు ఆలోచించి, తీసుకుపోయి గోతిలో పూడ్చిపెట్టింది.

మరునాడే ఎలీషబా గిద్దలూరు నడిచి రైలెక్కింది. దొరసాని ఎప్పుడో తమ దేశం వెళ్ళిపోయింది కానీ, బంగళా పాత వంటమనిషి నిత్యానందం మార్కాపురంలోనే కాలు మీద కాలేసుకుని ముసలితనం గడుపుతున్నాడు. ఎలీషబాను చూసి మురిసిపోయాడు. ఆమె సంగతంతా చెప్పి, "తాతా, ఆ పిండి ఎట్ల పొంగేది? మద్రాసు నుంచి డబ్బాలో ఏదో పొడి వచ్చేది గదా, అదేంది?" అని అడిగింది. ముసలాయన లేచి తలుపు దగ్గరికి వేశాడు. కిటికీలోంచి అటూ ఇటూ చూశాడు. ఆమె చెవి దగ్గరికి వంగాడు.

"కల్లు" అన్నాడు.

ఎవరైనా విన్నారేమోనని ఎలీషబా కూడా తలుపు కేసి తిరిగి చూసింది.

"మద్రాసు డబ్బా ఈ ఎండలకు దారిలోనే చచ్చిపోయేది అమ్మాయ్. చచ్చిన పొడి పిండిని ఎట్ల లేపుతాది? తెల్లారి ఈత కల్లు ఒక చెంబు తెప్పించి పిండిలో పోస్తే, అది మధ్యాన్నానికి కుండ దాటేది. దొరసాని ఆదివారం నిలబడి కల్లును శపించేది. సోమవారం కూర్చుని నా రొట్టె తినేది. ఆమె శాపమూ బాగుండేది, నా రొట్టే బాగుండేది."

ఆమె బయల్దేరుతుంటే నున్నటి పలకరాయి ఒకటి చేతికిచ్చాడు. బానలో ఇసుక పోసి, పొయ్యి మీద పెట్టి, ఆ ఇసుక మీద ఈ రాయి పరిచి, రొట్టెలు పెట్టి, పైన ఇనుప మూకుడు బోర్లించి దాని మీద నిప్పులు పొయ్యాలి. పొంగే పిండిని చలి తగలకుండా వెచ్చగా ఉంచాలి. తడి రాయిని మాత్రం సెగ మీద పెట్టకూడదు, పగిలిపోతుంది. ఇవీ ఆయన చెప్పిన జాగ్రత్తలు. ఎలీషబా రాయిని ఒళ్ళో పెట్టుకుని రైల్లో కూర్చుని దారి పొడవునా తనలో తనే నవ్వుకుంది. ఎదురుగా కూర్చున్నాయన లేచి వేరే బల్ల మీదికి మారాడు.

గిద్దలూరులో దిగేసరికి నవ్వు ఆగిపోయింది. దావీదు గుర్తొచ్చాడు.

దావీదు ఒకప్పుడు తాగుబోతు. మామూలు తాగుబోతు కాదు, తాగి ఇల్లు చేరేలోగా దారిలో ఉన్న ప్రతి గోడతోనూ పోట్లాడేవాడు. ఒక ఆదివారం సంఘం ముందర నిలబడి, వలవలా ఏడ్చి, ఇక ముట్టనని ప్రమాణం చేశాడు. మళ్ళీ ముట్టలేదు. ఇప్పుడు అతను సంఘానికి పెద్ద. ఆ సంఘానికి ఒక కట్టుబాటు ఉంది: ఎవరి గడప దాటి కల్లు లోపలికొస్తుందో ఆ ఇంటివాళ్ళను ప్రభువు బల్లకు, అంటే గుడిలో రొట్టే ద్రాక్షరసమూ పంచుకునే ఆరాధనకు, రానివ్వరు. మొగుడికి చెప్పి చేద్దామా అనుకుంది. కానీ ఆ మనిషి మొహం మీద ఏ రహస్యమూ ఒక పూట నిలవదు. చెప్పకుండానే చేద్దామనుకుంది.

క్రిస్మస్ ముందురోజు పొద్దున్నే చెంబు పమిట కింద దాచుకుని వాగు వెంట ఈత చెట్ల దగ్గరికి వెళ్ళింది. కల్లు గీసే కొండయ్య కుండలు దించుకుంటూ ఆమెను చూసి గతుక్కుమన్నాడు.

"ఏం ఎలీషబమ్మా, దావీదు మళ్ళా మొదలుపెట్టినాడా?"

"లేదన్నా, రొట్టెలోకి."

"రొట్టెలోకా." కొండయ్య ఆమె మొహం కేసి జాలిగా చూశాడు. ఎంతమంది ఆడవాళ్ళు ఎన్ని సాకులు చెప్పగా విన్నాడో గానీ ఈ సాకు మాత్రం కొత్తది. "సరేలేమ్మా, నేనెవరికీ చెప్పను" అని, ఎత్తు నుంచి చెంబులోకి వంచాడు. నురగ చెంబు అంచు దాకా వచ్చి ఆగింది.

పిండి కలిపింది. కొత్తకుండలో పెట్టి పైన గుడ్డ కట్టింది. బయట చలిగాలి. వెచ్చగా ఉంచాలని ముసలాయన చెప్పాడు గదా, ఎక్కడ పెట్టాలని ఇల్లంతా చూసింది. తెల్లారినప్పటి నుంచి గుడికి సున్నం కొట్టి అలిసిపోయిన దావీదు మధ్యాహ్నం గొంగళి కప్పుకుని ఒళ్ళెరగకుండా నిద్రపోతున్నాడు. మొగుడి పక్కన కంటే వెచ్చటి చోటు ఆ ఇంట్లో లేదు. కుండను తీసుకుపోయి గొంగళి కింద, అతని పక్కన పెట్టి, రేగుపండ్లు ఉడికించడానికి పెరట్లోకి వెళ్ళింది. దావీదు నిద్రలో ఇటు తిరిగి కుండ మీద చెయ్యేశాడు. కాసేపటికి కాలు కూడా వేశాడు.

పొంగే పిండి ఊరికే ఉండదు. గుసగుసలాడుతుంది, గుడ్డను ఎత్తుతుంది, వాసన వేస్తుంది. సరిగ్గా అప్పుడే పక్కింటి సౌభాగ్యమ్మ నిప్పు కోసం వచ్చి గడపలో నిలబడింది. ఆమెకు కనబడిందేమిటంటే, సంఘ పెద్ద దావీదు పట్టపగలు నోరు తెరుచుకుని, కుండను కౌగిలించుకుని, కల్లు వాసన కొడుతూ పడి ఉన్నాడు. నిప్పు మరిచిపోయి వెనక్కి తిరిగింది. ఆమె ఇల్లు పక్కనే, అయినా ఆ రోజు వాడంతా తిరిగి గానీ ఇల్లు చేరలేదు.

ఇదేమీ తెలియని ఎలీషబా కుండ తీసి చూసి కేక వేయబోయి నోరు నొక్కుకుంది. పిండి గుడ్డను తోసుకుని గొడుగులా నిలబడింది. వేలు పెడితే లోపలికి పోయి, తీస్తే మళ్ళీ పైకొచ్చింది. బిళ్ళలు చేసింది, బొడ్లు నొక్కింది, గుజ్జు నింపింది. మూకుడు ఎత్తినప్పుడల్లా బంగళా వంటిల్లు మొత్తం ఎదురొచ్చినట్టయింది. పొద్దు వాలేసరికి బుట్ట నిండింది. ఒక్కటి విరిచి నోట్లో వేసుకుంటే ఏమయ్యేదో గానీ వేసుకోలేదు. అత్త తినకముందు తాను తినకూడదని పంతం పట్టింది.

మర్నాడు పొద్దున గుడి కిటకిటలాడింది. ఎలీషబా బుట్టను వెనక వరసలో గుడ్డ కప్పి పెట్టి, వెళ్ళి అత్త పక్కన కూర్చుంది. పాటలు అయ్యాయి. సంఘాన్ని నడిపించే ఉపదేశి ఎజ్రా లేచాడు. లేచి, వాక్యం చెప్పకుండా గొంతు సవరించుకున్నాడు.

"పండగ దినాన చెప్పాల్సిన మాట కాదు. కానీ చెప్పకుండా ప్రార్థన చేయలేను. మన పెద్ద మళ్ళా పడిపోయినాడని ఫిర్యాదు వచ్చింది."

దావీదు అందరిలాగే అటూ ఇటూ చూశాడు, ఎవరా పెద్ద అన్నట్టు. అందరూ తన కేసే చూస్తున్నారని తెలియడానికి అతనికి కొంచెం సేపు పట్టింది.

"నేనా?"

సౌభాగ్యమ్మ లేచి తాను చూసింది చూసినట్టు చెప్పింది. ఆమె అబద్ధమాడలేదు, పైగా కళ్ళలో నీళ్ళు కూడా పెట్టుకుంది. దావీదు తలగుడ్డ తీసి చేతుల్లో నలుపుకుంటూ నేల చూశాడు. ప్రమాణం చేసిన రోజు కూడా అట్లాగే నిలబడ్డాడు. కానీ ఆ రోజు తప్పు అతనిది.

ఎలీషబా మొగుడి చేతుల్లో నలుగుతున్న తలగుడ్డ కేసి చూసింది. నోరు మూసుకుంటే రొట్టె దక్కుతుంది, పందెం దక్కుతుంది, బంగళా మాట దక్కుతుంది. మొగుడు మాత్రం దక్కడు. లేచి నిలబడింది.

"ఆయన ముట్టలేదు అయ్యగారూ. ఆ కల్లు తెచ్చింది నేను. రొట్టె పిండి పొంగడానికి పోసినా. చలికి పొంగదని ఆయన గొంగట్లో పెట్టినా. బంగళాలో కూడా అట్లనే పొంగించేవాళ్ళు. దొరసానికే తెలీదు."

 వెనక నుంచి ఎవరో కిసుక్కుమన్నారు. ఇంకెవరో అందుకున్నారు. చూస్తుండగానే గుడంతా నవ్వు.

"కల్లుతో రొట్టె పొంగడమేంది వదినా," అంది సౌభాగ్యమ్మ కళ్ళు తుడుచుకుంటూ, "రైలు చేత నీళ్ళు తాగించినావు, పెట్టె చేత పాడించినావు, ఇప్పుడు రొట్టె చేత కల్లు తాగిస్తివా?"

ఎజ్రాకు కూడా మీసాల కింద నవ్వు వచ్చింది. దాన్ని దిగమింగి, "మొగుణ్ణి కాపాడుకోవడం మంచిదేనమ్మా. అట్లని పండగ దినాన ఇంత పెద్ద కోత కోస్తే ఎట్ల?" అన్నాడు.

ఎలీషబాకు ఏడవాలో నవ్వాలో తెలియలేదు. పుట్టి బుద్ధెరిగాక ఇంత నిఖార్సయిన నిజం చెప్పింది లేదు, దాన్నీ నమ్మలేదు. "తిని చూడండి, బుట్ట ఆడుంది" అని వెనక్కి చెయ్యి చూపింది. అందరూ తిరిగి చూశారు. బుట్ట చుట్టూ పిల్లలు. ఒక్కొక్కరి మూతీ ముక్కూ ఎర్రటి రేగు గుజ్జు. ఉపదేశి గొంతు సవరించుకున్న దగ్గర నుంచి వాళ్ళు పని మీదే ఉన్నారు. బుట్ట అడుగున గుడ్డ తప్ప ఏమీ లేదు.

అప్పుడు గుడిలో అసలైన గందరగోళం పుట్టింది. ఆమె చెప్పింది అబద్ధమైతే పిల్లలు తిన్నది వట్టి రొట్టె. నిజమైతే కల్లు. తల్లులు పిల్లల్ని లాగి నోళ్ళు వాసన చూశారు, రేగుపండ్ల వాసన తప్ప ఏమీ రాలేదు. ఎజ్రా వాళ్ళను వరసగా నిలబెట్టి తిన్నగా నడవమన్నాడు. ఒకడు గెంతాడు, ఒకడు పాకాడు, ఇద్దరు కొట్టుకున్నారు. రోజూ నడిచినట్టే నడిచారు గనుక ఎటూ తేలలేదు.

ఈ గోల మధ్య దీనమ్మ కర్ర నేలకేసి కొట్టింది.

"నాకొకటి కూడా మిగల్లేదా?"

తల్లులు పిల్లల్ని వదిలేసి ఆమె కేసి తిరిగారు.

"నాయనా ఎజ్రా, నా కొడుకు పేరు పోతాంది. నా కోడలిది నిజమో కోతో అది కూడా తేలాల. ఆ కల్లాయన్ను పిలిపించు. ఈడనే, అందరి ముందర చేయిద్దాం. పొంగితే నా కొడుకు మంచోడు. పొంగకపోతే మీ ఇష్టం."

గుడి ముందరికి కల్లు పిలిపించడమా అని ఎజ్రా వెనకాడాడు. కానీ దీనమ్మకు ఎదురు చెప్పే ధైర్యం ఆ సంఘంలో ఎవరికీ లేదు. కబురు వెళ్ళింది. కొండయ్య కుండ భుజాన పెట్టుకుని వచ్చి, గుడి ఆవరణ అంచున ఆగిపోయాడు. అతని వృత్తిని ఏటా ఎండగట్టే చోటుకు అతన్నే పండగ పూట పిలిచారు, లోపలికి రావాలో వద్దో అతనికి అర్థం కాలేదు. "రాన్నా" అని దావీదే ఎదురెళ్ళాడు.

"దావీదు నా చెట్ల కిందికి వచ్చి శానా ఏండ్లయింది" అన్నాడు కొండయ్య అడగకముందే. "నిన్న వచ్చింది ఆయమ్మ. రొట్టెలోకి అనింది. నిజం చెప్పాలంటే నేనూ నమ్మలేదు. అందుకే చూసిపోదామని వచ్చినా."

ఎలీషబా ఇంటి నుంచి మిగిలిన పిండీ గుజ్జూ, బానా రాయీ తెప్పించి, అందరి కళ్ళ ముందర పిండి తీసింది, అందరి కళ్ళ ముందర కల్లు పోసింది. పోస్తున్నప్పుడు కొందరు ఆడవాళ్ళు కళ్ళు మూసుకున్నారు, వేళ్ళ సందుల్లోంచి చూశారు. కుండను ఎండలో పెట్టి, పైన దావీదు గొంగళే కప్పారు. ఇక ఆ సంఘమంతా, కల్లు ముట్టనని ప్రమాణం చేసిన వాళ్ళంతా, కల్లు పోసిన కుండ చుట్టూ కూర్చుని క్రిస్మస్ పాటలు పాడుకున్నారు. పాటకూ పాటకూ మధ్య ఎజ్రా లేచి గొంగళి ఎత్తి చూసి, ఏమీ లేదన్నట్టు తల ఊపి కూర్చునేవాడు. దావీదు పాడలేదు. కుండ కేసే చూస్తూ కూర్చున్నాడు. ఎలీషబా అతని కేసి చూడలేకపోయింది.

పొద్దు నడినెత్తికొచ్చాక గొంగళి కొంచెం కదిలింది. మొదట చూసింది కొండయ్య. "లేస్తాంది" అన్నాడు గుసగుసగా. పాట మధ్యలో ఆగిపోయింది. గొంగళి మెల్లగా, నిద్రలేచే మనిషిలా, ఉబ్బింది. సౌభాగ్యమ్మ మోకాళ్ళ మీద పాక్కుంటూ వచ్చి కుండకు ముక్కు ఆనించి వాసన చూసింది.

"ఇదే వాసన" అంది. "నిన్నటిదీ ఇదే." అని, లేచి వెళ్ళి దావీదు ముందర నిలబడి, "అన్నా, తప్పయిపోయింది" అంది. దావీదు తలగుడ్డ తలకు చుట్టుకున్నాడు. అప్పుడొచ్చాయి అతనికి కన్నీళ్ళు. అవి తుడుచుకుంటూనే పెళ్ళాన్ని చూసి, "నన్ను పొయ్యి అనుకుంటివా ఏందే?" అన్నాడు. వాడంతా పగలబడి నవ్వింది.

సంతోషంలో ఎలీషబా ఒక తెలివితక్కువ పని చేసింది. పండగ రొట్టె గదా అని పలకరాయిని శుభ్రంగా కడిగి, ఆరకముందే బానలో వేడెక్కిన ఇసుక మీద పెట్టింది. ఫట్టుమని రాయి రెండు ముక్కలైంది.  దావీదు పెద్ద ముక్కను పట్టకారుతో సరిచేసి పెట్టి, "దీని మీద నాలుగు పడతాయిలే" అన్నాడు. నాలుగే పెట్టింది. మూకుడు బోర్లించి పైన నిప్పులు పోశారు.

వాసన లేచింది. కల్లు వాసన కాదు. కాలుతున్న గోధుమ, కరుగుతున్న బెల్లం, రేగుపండు పులుపు. జనం బాన చుట్టూ ఇరుక్కుపోయారు. మూకుడు ఎత్తగానే నాలుగు బొడ్డురొట్టెలు గోధుమరంగులో మెరిశాయి. అప్పుడు ఎజ్రాకు తన ఉద్యోగం గుర్తొచ్చింది.

"అవ్వా, ఒక్క మాట. ఇందులో కల్లు ఉన్నట్టా, లేనట్టా? తినొచ్చునా?"

దీనమ్మ రొట్టెను రెండు చేతుల్లో పట్టుకుని ఉంది. వేడికి అటూ ఇటూ మార్చుకుంటోంది.

"నా కొడుకు తాగొచ్చిన దినాల్లో ఆ వాసనకు వాడలోని పిలకాయలు మంచాల కింద దూరేవాళ్ళు నాయనా. ఈ వాసనకేమో వాడలోని పిలకాయలంతా పరిగెత్తుకుంటా వస్తాండారు. నాకీ తేడా చాలు. నీకింకా ఏమన్నా కావాల్నంటే తర్వాత చెప్పు, ఇది చల్లారిపోతాది."

ఎజ్రా గడప కట్టుబాటును కూడా పక్కన పెట్టి, ఒక అడుగు వెనక్కి వేశాడు. తర్వాతి సంవత్సరాల్లో ఏ క్రిస్మస్‌కూ అతను ఆ ప్రశ్న మళ్ళీ అడగలేదు. కొండయ్య ఏటా ఆ ఒక్కరోజు చెంబెడు కల్లు తానే తెచ్చి ఆవరణ అంచున పెట్టి వెళ్ళేవాడు, వెళ్ళేటప్పుడు గుడ్డలో తన వంతు కట్టించుకునేవాడు.

దీనమ్మ రొట్టె కొరికింది. కొరకడానికి ఏముంది, చిగుళ్ళతో నొక్కింది. రొట్టె లొంగిపోయింది. ఎర్రటి గుజ్జు గడ్డం మీదికి కారింది, తుడుచుకోలేదు. కళ్ళు మూసుకుని నోటిలో అటూ ఇటూ తిప్పి, మింగి, మళ్ళీ కొరికింది.  సగం రొట్టె అయ్యాక కళ్ళు తెరిచి, అందరికీ వినబడేలా చెప్పింది.

"గిద్దలూరులో రైలు నీళ్ళు తాగేది నిజమే. ఎలుగుబంటి కూడా నిజమే. ఆ పెట్టె పాడతాది. ఇంక నా కోడలి మాట ఎవరన్నా కోత అన్నారో, నేను ఊరుకోను."

ఈలలు వేశారు, చప్పట్లు కొట్టారు, మిగిలిన మూడు రొట్టెల కోసం ఎగబడ్డారు. దావీదు మళ్ళీ నిప్పులు ఎగదోశాడు. ఆ సందడిలో దీనమ్మ కోడల్ని చెయ్యిపట్టి దగ్గరికి లాక్కుంది.

"నిజం చెప్పు. బంగళాలో నువ్వు తిన్నది గూడా ఇట్లనే ఉండిందా?"

ఎలీషబాకు అబద్ధం నాలుక చివరికి వచ్చింది. ఎన్నేళ్ళుగానో అలవాటైన అబద్ధం, చాలా సులువు. అత్త ఇప్పుడు ఏం చెప్పినా నమ్ముతుంది. నమ్ముతుంది గనుకే చెప్పలేకపోయింది.

"తినలేదత్తా," అంది మెల్లగా. "ఒక్కటంటే ఒక్కటి కూడా ఎవరూ పెట్టలేదు. మోసినా, అంతే."

దీనమ్మ ఆమె మొహం కేసి చూసింది. చుట్టూ అంత నవ్వుల మధ్య ఆ ముసలి కళ్ళు నిండాయి. తన చేతిలో మిగిలిన సగం రొట్టెను, బొడ్డు ఉన్న సగాన్ని, కోడలి పెదవుల దగ్గర పెట్టింది.

"నోరు తెరువు" అంది.

ఎలీషబా నోరు తెరిచింది. ఆ నోరు తెరుచుకుని కూడా ఒక్క మాటా బయటికి రాకపోవడం ఆ వాడ చూడడం అదే మొదలు.